ఒక్కొక్కరి కోసం ఒక్కో మెట్టు: ఐరోపా రాచ బిరుదుల కథ

(చరిత్ర అభిమానుల సమావేశంలో చేసిన ప్రసంగానికి అక్షర రూపం)

అందరికీ నమస్కారం. అధ్యక్షులవారు నన్ను పరిచయం చేస్తూ డ్యూకులు, ఎర్లుల గురించి చెబుతానన్నారు. చెబుతాను. అయితే ఎవరు పెద్ద, ఎవరు చిన్న అనే పట్టికను ఒప్పజెప్పడానికి రాలేదు. అది ఏ పుస్తకంలోనైనా దొరుకుతుంది. ఆ పట్టిక ఎలా తయారైందో చెప్పాలని వచ్చాను.

1814 జూన్ 28. లండన్‌లో ప్రభువుల సభ. ఆర్థర్ వెల్లెస్లీ అనే సేనాని మొదటిసారి ఆ సభలో కూర్చోవడానికి వచ్చాడు. ఈయన మనకు కొత్తవాడేమీ కాదు. 1799లో శ్రీరంగపట్నం మీదికి నిజాం సేనతో కలిసి నడిచినవాడు, 1803లో అస్సాయే దగ్గర మరాఠాలతో పోరాడి గెలిచినవాడు. ఆ తరువాత పోర్చుగల్, స్పెయిన్‌లలో నెపోలియన్ సేనానులతో ఏళ్ల తరబడి యుద్ధం చేస్తూ ఉండిపోయాడు. ఆయన అక్కడ గెలుస్తున్న కొద్దీ ఇక్కడ ఆయన హోదా పెరుగుతూ పోయింది. 1809లో తలవేరా యుద్ధం తరువాత బారన్, వైకౌంట్ బిరుదులు రెండూ కలిపి ఇచ్చారు. 1812 ఫిబ్రవరిలో ఎర్ల్ చేశారు. అదే ఏడాది అక్టోబరులో మార్క్విస్ చేశారు. 1814 మే నెలలో డ్యూక్ చేశారు. ఇన్ని ఇచ్చారు సరే, పుచ్చుకునే మనిషి ఊళ్లో లేడు. చివరికి ఆయన తిరిగి వచ్చి సభలో అడుగుపెట్టిన రోజున బారన్ మొదలు డ్యూక్ వరకు సన్నదులన్నీ వరసపెట్టి చదివారు. చదివిన గుమాస్తా గొంతు ఎండిపోయే ఉంటుంది.

పేరు కూడా ఆయన ఎంచుకున్నది కాదు. ఏ ఊరి పేరుతో బిరుదు ఇవ్వాలో అడుగుదామంటే మనిషి యుద్ధరంగంలో ఉన్నాడు. అప్పుడు అన్నగారు విలియం పటం ముందు వేసుకుని, ఇంటిపేరుకు దగ్గరగా వినిపించే ఊరు ఏదైనా ఉందా అని వెతికి, సోమర్‌సెట్‌లో వెల్లింగ్టన్ అనే ఊరిని పట్టాడు. వాటర్లూ వీరుడిని లోకమంతా ఆ ఊరి పేరుతోనే పిలుస్తోంది.

బారన్, వైకౌంట్, ఎర్ల్, మార్క్విస్, డ్యూక్. ఇంగ్లండులో కింది నుంచి పైకి ఐదు మెట్లు ఇవే. ఐదూ ఒకే మనిషి పేరున ఒకే రోజున వినిపించేసరికి, ఇదేదో అనాదిగా ఉన్న నిచ్చెన అనిపిస్తుంది. నా మాట ఏమిటంటే, ఆ నిచ్చెనను ఎవరూ కూర్చుని గీయలేదు. ఒక్కో మెట్టు ఒక్కో సందర్భంలో దిగింది. ఒకరిని సంతోషపెట్టడానికి ఒకటి, ఒకరి నోరు మూయించడానికి ఒకటి, ఖజానా నింపుకోవడానికి ఒకటి.

అసలు ఇవన్నీ ఒకప్పుడు ఉద్యోగాలు. రోమన్ సామ్రాజ్యం చివరి కాలంలో, లాటిన్‌లో, డుక్స్ అంటే సరిహద్దు ప్రాంతాల్లో సైన్యాన్ని నడిపే అధికారి. కోమెస్ అంటే చక్రవర్తి కొలువులో ఆయన నమ్మకం పొందిన అధికారి. డ్యూక్, కౌంట్ అనేవి వీటి నుంచి వచ్చినవే. క్రీ.శ. 800లో రోములో క్రిస్మస్ రోజున పోపు చేతుల మీదుగా కిరీటం పెట్టించుకున్న షార్లెమేన్ తన రాజ్యాన్ని ఈ కౌంట్ల చేతనే నడిపించాడు. ఒక్కో కౌంట్‌కు ఒక ప్రాంతం. అక్కడ తగవులు తీర్చడం, రాజుకు రావలసింది వసూలు చేయడం, పిలుపు వస్తే సైన్యంతో బయలుదేరడం ఆయన పని. సరిహద్దు ప్రాంతాల కౌంట్లకు మామూలు వారికన్నా ఎక్కువ బలగం, ఎక్కువ స్వేచ్ఛ ఉండేవి. జర్మన్ల మార్‌గ్రాఫ్, ఫ్రెంచివారి మార్క్విస్ ఇద్దరూ ఆ సరిహద్దు కౌంట్ల వారసులే. వీళ్లందరి మీద నిఘాకు రాజు ఇద్దరిద్దరు తనిఖీదారులను ఊళ్ల మీదికి పంపేవాడు. తప్పు చేసిన కౌంట్ కొలువు ఊడేది.

ఉద్యోగం ఆస్తిగా మారింది ఎప్పుడు? 877ను చూపించడం చరిత్ర పుస్తకాల్లో పరిపాటి. షార్లెమేన్ మనుమడు, బట్టతల చార్లెస్ అని పేరుపడిన రాజు, ఇటలీ దండయాత్రకు బయలుదేరుతూ కియెర్జీ అనే చోట ఒక శాసనం చేశాడు. తాను దూరంగా ఉన్నప్పుడు ఎవరైనా కౌంట్ చనిపోతే, అతని కొడుకు తనతో పాటు యుద్ధంలో ఉంటే, ఆ కొడుకు హక్కుకు భంగం రాకూడదని అందులో ఉంది. దీనితోనే వారసత్వం మొదలైందనడం నాకు సబబుగా తోచదు. అప్పటికే జరుగుతున్న దానికి రాజు తల ఊపాడు, అంతే. తండ్రి వెంట యుద్ధానికి వచ్చిన కొడుకును కాదని ఇంకొకరిని కూర్చోబెట్టే సత్తా ఆయనకు లేదు. ఆ తరువాత ఒకటి రెండు తరాల్లోనే కౌంట్లు, డ్యూకులు తమ ప్రాంతాలకు తామే చిన్న రాజులయ్యారు.

ఇంగ్లండుకు వద్దాం. అక్కడ పాత మెట్టు ఎర్ల్ ఒక్కటే. 1066లో నార్మన్ విలియం రాకముందే డేన్ రాజుల కాలంలో స్థిరపడినది అది. విలియం దాన్ని తీసివేయలేదు, కానీ అది ఫ్రెంచివారి కౌంట్‌కు సాటి గనుక ఎర్ల్ భార్యను మాత్రం నేటికీ కౌంటెస్ అనే అంటారు. డ్యూక్ అనేవాడు రెండున్నర శతాబ్దాలు ఇంగ్లండులో లేనే లేడు. రాజే ఫ్రాన్స్‌లో నార్మండీకి డ్యూక్, తరువాత అక్విటేన్‌కు డ్యూక్. ఆ మాట రాజు సొంతం. 1337లో మూడవ ఎడ్వర్డ్, ఫ్రాన్స్‌తో యుద్ధం ముంచుకొస్తున్న వేళ, ఇంకా ఏడేళ్లు నిండని పెద్ద కొడుకును కార్న్‌వాల్ డ్యూక్ చేశాడు. అదే సందర్భంలో ఆరుగురిని కొత్తగా ఎర్లులను చేశాడు. యుద్ధానికి మనుషులు కావాలి, మనుషులకు హోదాలు కావాలి. ఈనాటికీ బ్రిటన్ రాజు పెద్ద కొడుకు కార్న్‌వాల్ డ్యూకే.

ఇక నాకు ఇష్టమైన ఘట్టం. రెండవ రిచర్డ్ రాజుకు రాబర్ట్ డి వేర్ అనే ప్రియమిత్రుడు ఉండేవాడు. అప్పటికే ఆక్స్‌ఫర్డ్ ఎర్ల్. రాజుకు అది చాల్లేదు. డ్యూక్ చేద్దామంటే, రాజకుటుంబం బయటివాడు. దాంతో 1385లో డ్యూకుకు, ఎర్లుకు మధ్య ఒక కొత్త మెట్టు దించి, డబ్లిన్ మార్క్విస్‌గా అతణ్ణి కూర్చోబెట్టాడు. అప్పటిదాకా పక్కన కూర్చున్నవాడు ఒక్కసారిగా తమ పైన కూర్చోవడం ఎర్లులకు మింగుడుపడలేదు. రాజు అక్కడితో ఆగలేదు, మరుసటి ఏడాదే ఐర్లండ్ డ్యూక్‌ను చేశాడు. 1387లో ఆ ఎర్లులే కత్తులు పట్టి అతణ్ణి రాడ్‌కాట్ వంతెన దగ్గర ఓడించి దేశం నుంచి తరిమారు. మళ్లీ తిరిగి రాలేదు, పరాయి దేశంలోనే పోయాడు.

రిచర్డ్ పాఠం నేర్చుకున్నాడా? పదేళ్లకు, 1397లో, ఒకేసారి ఐదుగురిని డ్యూకులను చేశాడు. జనం వాళ్లను చిట్టి డ్యూకులని ఎద్దేవా చేశారు. అప్పుడే జాన్ బోఫోర్ట్ అనే ఆయన డోర్సెట్ మార్క్విస్ అయ్యాడు. రెండేళ్లకు రిచర్డ్ సింహాసనం పోయింది, ఆ బిరుదులూ చాలావరకు పోయాయి. 1402లో పార్లమెంటులో సామాన్యుల సభవారు బోఫోర్ట్ మీద జాలిపడి, ఆయన మార్క్విస్ బిరుదు తిరిగి ఇప్పించమని కొత్త రాజును వేడుకున్నారు. బోఫోర్ట్ లేచి, ఈ రాజ్యంలో మార్క్విస్ అనేది వింత పేరు, నాకు వద్దు మహాప్రభో అని చేతులు జోడించినంత పని చేశాడు. సోమర్‌సెట్ ఎర్ల్‌గానే ఉండిపోయాడు. డి వేర్‌కు పట్టిన గతి ఆయనకు గుర్తుండే ఉంటుంది. పై మెట్టు ఇస్తామంటే వద్దన్నవాళ్లు చరిత్రలో అరుదు, అందుకే ఆయనంటే నాకు గౌరవం.

1440లో ఆరవ హెన్రీ జాన్ బోమంట్‌ను వైకౌంట్ చేసి, బారన్లందరికీ పైన కూర్చోబెట్టాడు. అలా ఎర్లుకు, బారన్‌కు మధ్య ఐదో మెట్టు దిగింది. వెల్లింగ్టన్ ఎక్కిన నిచ్చెన ఇలా, వంద ఏళ్లకు పైగా పట్టి, అతుకుల మీద అతుకులతో తయారైంది.

అతుకులు కనబడకుండా ఉండాలంటే అలంకారం కావాలి కదా. పట్టాభిషేకాల్లో ప్రభువులు తలకు పెట్టుకుంటూ వచ్చిన చిన్న కిరీటాలను చూడండి. డ్యూక్ కిరీటం అంచు చుట్టూ ఎనిమిది స్ట్రాబెర్రీ ఆకులు ఉంటాయి. మార్క్విస్‌కు నాలుగు ఆకులు, వాటి మధ్య నాలుగు వెండి గుండ్లు. ఎర్లుకు ఎనిమిది ఆకులు, ఎనిమిది గుండ్లు, కానీ గుండ్లు పొడుగాటి కాడల మీద పైకి లేచి ఉంటాయి, ఆకులు కిందనే ఉండిపోతాయి. వైకౌంట్‌కు ఆకులే లేవు, అంచు మీద పదహారు గుండ్లు వరసగా ఉంటాయి. బారన్‌కు ఆరే గుండ్లు. ఆ ఆరు కూడా రెండవ చార్లెస్ 1661లో దయతలచి ఇచ్చినవి, అంతకుముందు బారన్లకు కిరీటమే లేదు. గుండ్లు లెక్కపెట్టి మనిషిని తూచే విద్య ఇది.

డబ్బు సంగతి చెప్పకపోతే ఈ కథ సగమే. 1611లో మొదటి జేమ్స్ రాజుకు ఐర్లండ్‌లోని అల్‌స్టర్‌లో సైనికులను పోషించడానికి డబ్బు లేదు. అప్పుడు బారోనెట్ అనే కొత్త హోదా పుట్టించాడు. బారన్‌కు కింద, నైట్‌కు పైన. ప్రభువుల సభలో చోటు ఉండదు, కానీ పేరు ముందు సర్ ఉంటుంది, అది కొడుక్కీ వస్తుంది. ధర 1,095 పౌండ్లు. ఈ అంకె ఎక్కడిదో లెక్క వేద్దాం. 30 మంది సైనికులు, తలకు రోజుకు 8 పెన్నీలు. మొత్తం 240 పెన్నీలు, అంటే సరిగ్గా ఒక పౌండు. ఏడాదికి 365 పౌండ్లు, మూడేళ్లకు 1,095. దాపరికం లేని బేరం. బారోనెట్లు 200 మందికి మించరని రాజు మాట ఇచ్చాడు. ఆ మాట నిలవలేదని వేరే చెప్పాలా? ఆ జేమ్స్ కాలంలోనే బారన్ పదవి 10,000 పౌండ్లకు పలికింది.

ఇది పాత ముచ్చట అనుకోకండి. మొదటి ప్రపంచ యుద్ధం తరువాత ప్రధాని లాయిడ్ జార్జ్ హయాంలో బిరుదులు మధ్యవర్తుల ద్వారా అమ్ముడుపోయాయి. గొడవ ముదిరి 1925లో చట్టం చేశారు. ఆ చట్టం కింద 1933లో మాండీ గ్రెగొరీ అనే మధ్యవర్తికి శిక్ష పడింది. అమ్మినందుకు అతనికి పడింది గాని, కొన్నవాళ్ల బిరుదులు వాళ్లకే ఉన్నాయి.

ఇంగ్లండు పద్ధతిలో ఒక విశేషం ఉంది. బిరుదు ఒక్కరిదే. డ్యూక్ బతికున్నంత కాలం చట్టం దృష్టిలో కొడుకులందరూ సామాన్యులే. పెద్దకొడుకు తండ్రికి ఉన్న చిన్న బిరుదుల్లో ఒకటి మర్యాదకు వాడుకుంటాడు. మిగతావాళ్లకు పేరు ముందు లార్డ్ అని ఉంటుంది, అదీ మర్యాదకే. విన్‌స్టన్ చర్చిల్ తండ్రి లార్డ్ రాండాల్ఫ్ చర్చిల్ మార్ల్‌బరో డ్యూక్ కొడుకే, కానీ ఎన్నికల్లో గెలిచి సామాన్యుల సభలోనే కూర్చున్నాడు. జర్మన్ దేశాల్లో అలా కాదు. గ్రాఫ్‌కు, అంటే అక్కడి కౌంట్‌కు, పదిమంది పిల్లలుంటే సాధారణంగా పదిమందికీ ఆ హోదా వస్తుంది, వాళ్ల పిల్లలకూ వస్తుంది. మూడు తరాలు గడిచేసరికి ఊరికి నలుగురు గ్రాఫ్‌లు, సాగు చేసుకోవడానికి తలా ఒక చెక్క. పోలండ్‌లో ఇంకో తమాషా. అక్కడి ష్లాఖ్తా అనే ప్రభువర్గం తమలో అందరూ సమానమని పట్టుబట్టి, కౌంట్, బారన్ వంటి బిరుదులంటేనే అనుమానంగా చూసేది. రష్యాలో మొదటి పీటర్ 1722లో 14 శ్రేణుల పట్టిక వేసి, కొలువులో మెట్లు ఎక్కినవాడికి వంశపారంపర్య హోదా దక్కేలా చేశాడు. లెనిన్ తండ్రి బడుల అధికారిగా అలా పైకి వచ్చి ఆ హోదా సంపాదించినవాడే. ప్రభువర్గాన్ని కూలదోసిన లెనిన్ పుట్టుకతో కాకపోయినా తండ్రి కొలువుతో ప్రభువే.

ఫ్రాన్స్‌లో నిచ్చెన కన్నా ముక్కాలిపీటకు విలువ ఎక్కువ. నవ్వకండి. వెర్సాయ్ కొలువులో రాణి సమక్షంలో ఎవరు కూర్చోవచ్చు, ఎవరు నిలబడాలి అన్నదే అసలైన హోదా. డచెస్‌కు టాబురే అనే పీట దక్కేది. వీపు ఆనించడానికి ఏమీ ఉండదు, చేతులు పెట్టుకోవడానికీ ఉండదు, మెత్త మాత్రం ఉంటుంది. పక్కనే ఎంత పాత వంశపు మార్క్విస్ భార్య అయినా, ఎంత ముసలిదైనా, నిలబడవలసిందే. 1649లో బాల రాజు పద్నాలుగవ లూయీ తల్లి, రాజకీయ అవసరం కొద్దీ, అర్హత లేని ఇద్దరు స్త్రీలకు ఆ పీట అనుగ్రహించింది. దేశంలో అంతర్యుద్ధం నడుస్తోంది. అయినా ప్రభువులందరూ సభ పెట్టి, ఇచ్చిన పీటలు వెనక్కి తీయించేదాకా ఊరుకోలేదు. మన పెళ్లిళ్లలో ముందు వరస కుర్చీల కోసం అలిగే వియ్యంకులు వీళ్ల ముందు ఎంత?

1790 జూన్ 19న విప్లవ సభ ప్రభువంశ హోదాలన్నీ రద్దు చేసింది. పద్దెనిమిదేళ్లు తిరగకుండానే, 1808లో, ఆ విప్లవం కడుపున పుట్టిన నెపోలియన్ కొత్త ప్రభువులను తయారుచేశాడు. పీపాలు చేసే వాడి కొడుకు మిషెల్ నే ఎల్‌షింగెన్ డ్యూక్ అయ్యాడు. ఎల్‌షింగెన్ ఫ్రాన్స్‌లో లేదు, జర్మన్ నేల మీద ఆయన గెలిచిన యుద్ధక్షేత్రం. ఇలా ఊరు తనది కాకపోయినా గెలుపు తనదైతే చాలు.

ఇప్పటిదాకా ప్రభువుల గొడవ. రాజుల గొడవ దీనికి తాత. 1356లో, జర్మన్ దేశాలను కలుపుకున్న పవిత్ర రోమన్ సామ్రాజ్యాన్ని ఏలుతున్న నాలుగవ చార్లెస్ చక్రవర్తి బంగారు ముద్ర శాసనం చేసి, తన తరువాత చక్రవర్తులను ఎన్నుకునే హక్కు ఏడుగురికే అని తేల్చాడు. ముగ్గురు ఆర్చ్‌బిషప్పులు, బొహీమియా రాజు, రైన్ పాలటిన్ కౌంట్, సాక్సనీ డ్యూక్, బ్రాండెన్‌బర్గ్ మార్‌గ్రాఫ్. ఆస్ట్రియా డ్యూక్ నాలుగవ రుడాల్ఫ్ పేరు అందులో లేదు. అతనేమో సాక్షాత్తు ఆ చక్రవర్తి అల్లుడు, ఇరవై ఏళ్ల కుర్రవాడు. ఏం చేశాడు? తన ఆస్థానంలో పాత పత్రాలు కొన్ని పుట్టించాడు. ఆస్ట్రియా పాలకుడికి అందరు డ్యూకుల కన్నా పైస్థాయి ఉందని, ఆయన ఆర్చ్‌డ్యూక్ అని వాటి సారాంశం. ఒక పత్రంలోనైతే జూలియస్ సీజర్, నీరో చక్రవర్తి స్వయంగా ఆస్ట్రియాకు రాసి ఇచ్చిన లేఖలు కూడా పొదిగించాడు!

మామగారు ఆ లేఖలను ఇటలీలో ఉన్న మహాకవి పెట్రార్క్‌కు పంపి అభిప్రాయం అడిగాడు. పెట్రార్క్ చూసి మండిపడ్డాడు. సీజర్ తన లేఖల్లో 'నేను' అనేవాడు గాని ఇలా 'మేము' అనేవాడు కాదని, ఈ రాసినవాడికి ఆ కాలపు రాత ఎలా ఉంటుందో కూడా తెలియదని చీల్చి చెండాడాడు. అయినా ఏమైంది? దాదాపు వందేళ్లకు, 1453లో, చక్రవర్తి సింహాసనం మీద రుడాల్ఫ్ వంశస్థుడే మూడవ ఫ్రెడరిక్ ఉన్నాడు. దొంగ పత్రాలకు రాజముద్ర వేసి చట్టం చేశాడు. 1914లో సారయేవోలో హత్యకు గురైన ఆర్చ్‌డ్యూక్ ఫ్రాంజ్ ఫెర్డినాండ్ బిరుదుకు మూలం ఆ కుర్రవాడి అలకే.

ఇదే వరసలో ఫ్లోరెన్స్‌లో వడ్డీ వ్యాపారంతో పైకి వచ్చిన మెడిచీ వంశానికి చెందిన కోసిమోకు 1569లో పోపు గ్రాండ్ డ్యూక్ అనే కొత్త మెట్టు వేసిచ్చాడు. చక్రవర్తి మూతి ముడిచి, ఏడేళ్లకు ఒప్పుకున్నాడు. చక్రవర్తిని ఎన్నుకునే హక్కున్న పాలకుణ్ణి ఎలెక్టర్ అంటారు. బ్రాండెన్‌బర్గ్ ఎలెక్టర్ ఫ్రెడరిక్ సంగతి ఇంకా రసవత్తరం. సాక్సనీ ఎలెక్టర్ 1697లో పోలండ్‌కు రాజయ్యాడు. హానోవర్ ఎలెక్టర్ల కన్ను ఇంగ్లండు మీద ఉంది. తానొక్కడే మిగిలిపోయాడు. చక్రవర్తికి స్పెయిన్ వారసత్వ యుద్ధం కోసం సైన్యం కావాలి, ఇతనికి కిరీటం కావాలి. 8,000 మంది సైనికులకు బేరం కుదిరింది. అయితే సామ్రాజ్యం లోపల బొహీమియా తప్ప ఇంకో రాజు ఉండకూడదు. అందుకని సామ్రాజ్యం బయట ఉన్న ప్రష్యాకు వెళ్లి, 1701 జనవరి 18న కోనిగ్స్‌బెర్గ్‌లో తన కిరీటం తానే పెట్టుకున్నాడు. అది కూడా ప్రష్యాకు రాజు కాదు, ప్రష్యాలో రాజు. ఈ మెలికను ఆయన మనుమడు 1772లో గాని వదిలించుకోలేకపోయాడు.

సరిగ్గా 170 ఏళ్లకు అదే తేదీన, 1871లో, వెర్సాయ్ అద్దాల మందిరంలో ఆ వంశపు విల్‌హెల్మ్ చక్రవర్తి అయ్యాడు. ఆ రోజు ఆయన ముఖం చిట్లించుకునే ఉన్నాడు. తనను జర్మనీ చక్రవర్తి అనాలని ఆయన పట్టు, అలా అంటే బవేరియా రాజు వంటివాళ్లు తమ భూమి మీద హక్కు పోయిందని అలుగుతారు, జర్మన్ చక్రవర్తి చాలని ఆయన ప్రధాని బిస్మార్క్ పట్టు. జయధ్వానం చేయవలసిన బాడెన్ గ్రాండ్ డ్యూక్ తెలివిగా రెండూ తప్పించి, విల్‌హెల్మ్ చక్రవర్తికి జై అన్నాడు. చక్రవర్తి వేదిక దిగి, తనకు సామ్రాజ్యం కట్టిపెట్టిన బిస్మార్క్‌తో చేయి కూడా కలపకుండా పక్కనుంచి వెళ్లిపోయాడు.

హెస్సె-కాసెల్ పాలకుడిని మరిచిపోకూడదు. 1803లో ఎంతో ఆరాటపడి ఎలెక్టర్ అయ్యాడు. మూడేళ్లకే, 1806లో, ఆ సామ్రాజ్యమే రద్దయింది. ఎన్నుకోవడానికి చక్రవర్తి లేడు. నెపోలియన్ పతనమయ్యాక రాజు చేయమని అడిగితే 1818లో పెద్ద రాజ్యాలన్నీ కుదరదన్నాయి. ఆ వంశం 1866లో ప్రష్యా ఆ రాజ్యాన్ని మింగేసేదాకా ఎలెక్టర్ బిరుదునే పట్టుకు వేలాడింది. పేరు గొప్ప, ఊరు దిబ్బ అంటే ఇదే.

ఇక మన గడప దగ్గరికి వస్తే, 1876 చట్టంతో విక్టోరియా రాణి భారత చక్రవర్తిని అయింది. 1877 జనవరి 1న ఢిల్లీలో దర్బారు జరిపారు, ఆమె మాత్రం రాలేదు. ఆమె పెద్దకూతురు జర్మనీలో చక్రవర్తిని కాబోతోంది, కూతురి కన్నా తల్లి తక్కువ కావడమా అన్న గుసగుస అప్పుడే ఉంది. మనదేశపు సంస్థానాధీశులకు, వారి గౌరవార్థం పేల్చే తుపాకుల లెక్కన హోదా కట్టారు. హైదరాబాదు, మైసూరు, బరోడా వంటి కొద్దిమందికే 21 తుపాకులు. అందరూ హిజ్ హైనెస్‌లే. మొదటి ప్రపంచ యుద్ధానికి ధారాళంగా డబ్బిచ్చిన ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్‌ను వేరుగా చూపాలి. ఎలా? 1918లో హిజ్ ఎగ్జాల్టెడ్ హైనెస్ అని ఒక కొత్త మెట్టు వేశారు. సంస్థానాధీశుల్లో దాని మీద నిలబడింది ఆయన ఒక్కడే. డబ్లిన్ మార్క్విస్ కథ మళ్లీ హైదరాబాదులో జరిగింది.

అప్పటికి ఐరోపాలోనే నిచ్చెనలు కూలుతున్నాయి. 1919లో జర్మనీ కొత్త రాజ్యాంగం హోదాలు తీసేసి, పేరులో ప్రభువంశాన్ని సూచించే ఫాన్ అనే మాట, గ్రాఫ్ వంటివి ఇంటిపేరులో భాగంగా మాత్రం ఉండనిచ్చింది. అందుకే అక్కడ అవి ఇప్పటికీ పోస్టు డబ్బాల మీద కనబడతాయి. బ్రిటన్ మాత్రం దేన్నీ కూల్చకుండా, 1958లో కొడుక్కు చెందని, మనిషితోనే పోయే బారన్ పదవులకు వీలు కల్పించి, 1999లో వారసత్వ ప్రభువులను 92 మంది మినహా సభ నుంచి పంపేసింది.

ఆస్ట్రియా అందరికన్నా కఠినం. 1919 చట్టం అక్కడ ఫాన్ అన్న రెండక్షరాలు కూడా ఉంచుకోనివ్వలేదు. ఆర్చ్‌డ్యూకులైనా, రుడాల్ఫ్ పుట్టిన హాబ్స్‌బర్గ్ వంశమైనా అంతే. వాడినవాడికి 20,000 క్రోన్ల వరకు జరిమానా అని అందులో రాశారు. క్రోన్ నాణెం 1925లోనే చెలామణి నుంచి పోయి షిల్లింగ్ వచ్చింది, షిల్లింగ్ పోయి యూరో వచ్చింది. చట్టంలో రాసిన జరిమానా మాత్రం క్రోన్లలోనే ఉంది.

ఇంతసేపు ఓపికగా విన్నారు. ప్రశ్నలుంటే అడగండి, తెలిసినంతలో చెబుతాను.